కింది అంచు మీద కొలిచిన మైళ్లు

నా దగ్గర పాత సముద్రపు పటం ఒకటి ఉంది. బందరు తీరం నుంచి గోదావరి పాయల దాకా ఉన్న నీళ్లను చూపించే పటం. దాన్ని వెలుతురుకు ఎదురుగా పట్టుకుంటే కింది అంచు జల్లెడలా కనిపిస్తుంది. అవన్నీ నేను డివైడరు ముళ్లు గుచ్చి దూరాలు కొలిచిన గుర్తులు. పక్క అంచులు మాత్రం శుభ్రంగా ఉన్నాయి. ఎడమ పక్కన ఒకే ఒక జత చిల్లులున్నాయి. అవి ఆలస్యంగా పడినవి.

తొంభైల మొదట్లో నేను బెజవాడ పటమటలో ఇళ్ల ప్లాన్లు గీసే చిన్న ఆఫీసులో ట్రేసరుగా చేరాను. ఇంటర్ తర్వాత చదువు సాగలేదు. ఇంజనీరు పెన్సిలుతో గీసి ఇచ్చినదాన్ని ట్రేసింగ్ కాగితం మీద ఇంకుతో దింపడం నా పని. రెండు వందల గజాల స్థలం, మూడు వందల గజాల స్థలం. అంత చిన్న ముక్కకు భూమి బల్లపరుపుగా ఉన్నట్టే లెక్క. ఏ ప్లానుకైనా స్కేలు కాగితం అడుగున ఉంటుంది. డివైడరును ఆ స్కేలు మీద పెట్టి తెరవడం, పైకి తెచ్చి గోడ పొడవు కొలవడం. రోజుకు వంద సార్లు చేసే పని కాబట్టి నేను చూడకపోయినా చెయ్యి కిందికే పోయేది.

ఏలూరు కాలువ దగ్గరి పాత పుస్తకాల దుకాణాల్లో ఆదివారం పూట తిరగడం నాకున్న ఒకే వ్యసనం. అక్కడే ఒకరోజు చుట్ట చుట్టి తాడు కట్టిన ఈ పటం దొరికింది. దుకాణం అతను దాన్ని పుస్తకాలకు అట్టలు వేసుకోమని అమ్మాడు. ఇంటికి తెచ్చి నేల మీద పరిచి, నాలుగు మూలలా నాలుగు చెంబులు పెట్టి చూశాను. నేల ఉన్నచోట దాదాపు ఖాళీ. నీళ్లున్నచోట వందల అంకెలు, ప్రతి అంకె అక్కడి లోతు. మనం ఏమీ లేదనుకునే చోట ఇంత లెక్క ఉందా అని ఆ రాత్రి అన్నం కూడా సరిగ్గా తినలేదు.

అప్పటి నుంచి భూమి గుండ్రంగా ఉందన్న సంగతి నా తలలో దూరింది. ఎండాకాలంలో కృష్ణ ఇసుకలో పండిన పుచ్చకాయ ఒకటి తెచ్చి, దానికి ట్రేసింగ్ కాగితం చుట్టి చూశాను. కాగితం ముడత పడకుండా కాయకు అంటుకోదు. ముడత వద్దంటే కాగితాన్ని కొయ్యాలి, కొయ్యడం వద్దంటే సాగదీయాలి. మూడో దారి లేదు. పుచ్చకాయ మీది చారలే నాకు రేఖాంశాలు చూపించాయి. తొడిమ దగ్గర అన్నీ కలిసి ఉంటాయి, నడుము దగ్గర దూరంగా జరుగుతాయి, మళ్లీ అడుగున కలుస్తాయి. కానీ నా పటంలో ఆ చారలన్నీ నిటారుగా, సమాన దూరంలో నిలబడి ఉన్నాయి.

అది ఓడలవాళ్ల కోసం నాలుగు వందల ఏళ్ల కిందట కనిపెట్టిన పద్ధతి అని తర్వాత చదివాను. నడిసముద్రంలో దిక్కు తప్పితే బతుకు లేదు కాబట్టి వాళ్లకు ముందు దిక్కు కావాలి. అందుకని చారలను దగ్గర పడనివ్వకుండా అడ్డంగా సాగదీశారు. అడ్డంగా ఎంత సాగిందో నిలువుగానూ అంతే సాగదీశారు. దిక్కు తప్పదు, దూరం తప్పుతుంది. ఉత్తరానికి పోయేకొద్దీ ఇంకా తప్పుతుంది. గ్రీన్‌లాండ్ ఆఫ్రికా అంత కనిపిస్తుంది, నిజానికి ఆఫ్రికాలో పద్నాలుగో వంతు. ఈ సంగతి నేను టీ బంకు దగ్గర ఎంతమందికి చెప్పానో లెక్కలేదు. గ్రీన్‌లాండ్ ఎంత సాగిందో నాకు తెలుసు. బందరు ముందున్న సముద్రం ఎంత సాగిందో మాత్రం ఎప్పుడూ చూసుకోలేదు.

డిగ్రీని అరవై భాగాలు చేస్తే ఒక్కో భాగాన్ని నిమిషం అంటారు. ఒక నిమిషం ఒక సముద్రపు మైలు అని ఎక్కడో చదివాను. పటం కింది అంచు మీద నిమిషాల గీతలున్నాయి. పక్క అంచు మీదా ఉన్నాయి. నా చెయ్యి అలవాటు ప్రకారం కిందికే పోయింది. ఎందుకు పక్కకు పోలేదని అడిగేవాళ్లు నాకు ఎవరూ లేరు.

వాయుగుండం పట్టినప్పుడల్లా రేడియోలో దాని అక్షాంశం, రేఖాంశం చెప్పేవాళ్లు. నేను పటాన్ని ఆఫీసు గోడకు తగిలించి, చుట్టూ తెల్లకాగితాలు అతికించి పెంచి, పెన్సిలుతో చుక్క పెట్టేవాణ్ణి. మా ఆఫీసు మెట్ల పక్కన చేపలు అమ్ముకునే ఆవిడ ఉండేది. బందరు పక్కన సముద్రం ఒడ్డున పల్లె వాళ్లది. తెల్లవారుజామున బందరు నుంచి బయలుదేరే పాసింజరులో గంపతో వచ్చి, పన్నెండింటికి గంప ఖాళీ చేసుకుని వెళ్లేది. యాభై దాటి ఉంటాయి. గాలివాన వార్త వచ్చిన రోజున చేతులు కడుక్కుని లోపలికి వచ్చేది.

"ఏంటయ్యా, ఇయ్యాల నీ చుక్క ఏడుంది?"

"ఇదిగో ఇక్కడమ్మా. మీ ఊరికి నూట ఎనభై మైళ్లు."

"పొద్దున రేడియోవోడు ఇంకేదో చెప్పాడే."

"ఆయన కిలోమీటర్లలో చెప్తాడు. నేను సముద్రపు మైళ్లలో చెప్తున్నా."

"ఏదైతే ఏంలే. నువ్వు చెప్పిందే మా వోళ్లకి చెప్తా. రేడియోవోణ్ణి నిలేసి అడగలేం గదా. నువ్వు తప్పు చెప్తే గంపెత్తి నెత్తిన కొడతా."

నా లెక్క వందకు నాలుగు తప్పు. వాయుగుండం నూట ఎనభై మైళ్ల దూరంలో ఉన్నా, నూట డెబ్భై మూడు మైళ్ల దూరంలో ఉన్నా పడవలు ఒడ్డుకు రావలసిందే. అందువల్ల ఆ తప్పు ఎవరికీ తగల్లేదు. పల్లెలో నాకు లెక్క తప్పని మనిషి అన్న పేరు వచ్చింది. ఆ సంగతి ఆమె వచ్చి చెప్పిన రోజు నేను ఇంటికి నడిచి వెళ్తూ నాలో నేను నవ్వుకున్నాను.

తొంభైల చివర్లో ఒక ఆశ్వయుజ మాసంలో ఆమె మూడు వారాలు కనిపించలేదు. తిరిగి వచ్చాక గంప దించుకుని, నేను అడగకుండానే చెప్పింది. ఆమె పెద్దకొడుకు పనిచేసే బోటు గాలికి ఒరిగి మునిగిపోయింది. పక్క బోటులో ఉన్న ఆమె తమ్ముడు నలుగురిని తాడేసి లాగాడు. కొడుకు ఇంజను గదిలో ఉన్నాడు. పైకి రాలేదు. శవం దొరకలేదు.

ఏడాది తిరిగాక ఇంట్లోవాళ్లు అతనికి బట్టలు పెడదామన్నారు. చనిపోయినవాళ్లకు ఏటా ఇంట్లో కొత్త బట్టలు పెట్టి దణ్ణం పెట్టుకోవడం మా జిల్లాలో అన్ని ఇళ్లలో ఉన్నదే. ఆమె ఒప్పుకోలేదు.

"ఆడు ఇంట్లో పోయాడా, ఇంట్లో పెట్టడానికి? ఏడ పోయాడో ఆడే పెడతా."

రెండేళ్లు అదే మాట. ఆడవాళ్లను బోటు ఎక్కించుకోవడం ఆ పల్లెలో లేదు. చివరకు ఒక బోటు యజమాని ఒప్పుకున్నాడు, ఒక్కసారికి. వాళ్లు కొత్తగా చేతిలో పట్టుకునే జీపీఎస్ పెట్టె కొన్నారు. అంకెలు చెప్తే చాలు, అది ఆ అంకెల దగ్గరికి తీసుకుపోతుంది. అంకెలు ఎవరిస్తారన్నదే ప్రశ్న. ఆమె నా దగ్గరికి వచ్చింది.

"ఒక్కసారే ఎక్కనిస్తారంటయ్యా. మళ్లీ అడగడానికి లేదు. నా కొడుకున్న చోటు నువ్వు లెక్కేసి ఇయ్యి."

ఆ ఆదివారం పామర్రు మీదుగా బస్సులో వాళ్ల పల్లెకు వెళ్లాను. ఆమె తమ్ముడు ఇంటిముందు తాటాకు నీడలో వల అల్లుతూ కూర్చున్నాడు. ముప్ఫై ఏళ్లు బోటు నడిపిన సరంగు. ఆ ప్రమాదం తర్వాత సముద్రం మానేశాడు. నన్ను చూసి వల పక్కన పెట్టలేదు.

"అక్క చెప్పే లెక్కల మేష్టారు నువ్వేనా? ఎంత బక్కగున్నావ్. లెక్కలన్నీ అందులో ఎట్టా పట్టాయి?"

పటం తీసి పరిచాను. ఆయన దాన్ని చాలాసేపు చూశాడు. తాను ముప్ఫై ఏళ్లు తిరిగిన నీళ్లను మొదటిసారి పైనుంచి చూస్తున్నాడు.

"ఆ రోజు ఏం చేశారో చెప్పండి బాబాయి," అన్నాను.

"ఆడు మునిగిన చోట లంగరేశా. సాయంత్రం దాకా ఉన్నా. తాడు ఇరవై ఒక్క బార దిగింది." బార అంటే చాచిన రెండు చేతుల పొడవు. "ఇంక రాడని తెలిశాక లంగరు తీసి, నేరుగా పడమటికి పెట్టా. వాచీ చూసుకున్నా. మళ్లీ ఆ చోటుకి పోవాలంటే కావాలిగా. మూడుంపావు గంటలకి లైట్‌హౌసు కాడికొచ్చా. నా బోటు గంటకి ఎనిమిది మైళ్లు. ఇంక నువ్వు చెయ్యి."

మూడుంపావును ఎనిమిదితో హెచ్చవేస్తే ఇరవై ఆరు. లైట్‌హౌసుకు నేరుగా తూర్పున, ఇరవై ఆరు సముద్రపు మైళ్లు. అంత దుఃఖంలో వాచీ చూసుకున్న మనిషి మీద నాకు గౌరవం కలిగింది. నా లాంటివాడే అనుకున్నాను.

ఆయన పటం మీది నిలువు గీతలను వేలితో చూపించాడు. "ఇయ్యేంటి?"

చెప్పాను. పుచ్చకాయ చారల సంగతి, అవి పైన ఒకచోట కలుస్తాయన్న సంగతి, పటంలో కలవనివ్వకుండా నిటారుగా నిలబెట్టిన సంగతి.

ఆయన ఒళ్లో ఉన్న వల ఎత్తి చూపించాడు. నోటి దగ్గర వెడల్పుగా ఉండి, సంచి దగ్గరికి వచ్చేసరికి ఇరుకుగా ఉంది. "మేం సంచి కాడికి పోయేకొద్దీ కన్నులు తగ్గించుకుంటా అల్లుతాం. తగ్గించకపోతే వల సాగి వేలాడుద్ది. మీ వోళ్లు కన్నులు తగ్గించలేదన్నమాట."

"తగ్గించలేదు. అందుకే గ్రీన్‌లాండ్ ఆఫ్రికా అంత కనిపిస్తుంది."

"ఆటి సంగతి నాకెందుకయ్యా. మా కాడ ఎంత సాగింది?"

"మన దగ్గర ఏం సాగదు బాబాయి. మనం కిందున్నాం."

ఈ మాట నేను అన్నాను. లాగరిథం పుస్తకం సంచిలోనే ఉంది. తెరిచి, ఆ తీరం అక్షాంశమైన పదహారు డిగ్రీల దగ్గర కొసైను అంకె చూసి ఉంటే అర నిమిషం పట్టేది. తెరవలేదు.

డివైడరును కింది అంచు మీద ఇరవై ఆరు నిమిషాలకు తెరిచి, లైట్‌హౌసు నుంచి తూర్పుకు పెట్టి, చుక్క పెట్టాను. లైట్‌హౌసు రేఖాంశానికి ఇరవై ఆరు నిమిషాలు కలిపినట్టే. కాగితం మీద అక్షాంశం, రేఖాంశం పెద్ద అక్షరాలతో రాసి ఆమెకు ఇచ్చాను. ఆమెకు చదువు రాదు. కాగితాన్ని మడిచి జాకెట్లో పెట్టుకుంది.

మాఘ మాసంలో సముద్రం నెమ్మదిగా ఉన్న రోజు చూసి వెళ్లాం. ఆమె, ఆమె తమ్ముడు, బోటు డ్రైవరు, ఇంకో ఇద్దరు మనుషులు, నేను. నన్ను రమ్మని ఆమే పట్టుపట్టింది. రేవు దాటిన గంటలోపే బోటు అంచు పట్టుకుని వాంతి చేసుకున్నాను.

"మేష్టారు చేపలకి టిఫినీ పెడతన్నారు," అన్నాడు ఆమె తమ్ముడు. ఆమె నా వీపు రాస్తూ, "నువ్వూరుకో, ఆయన మనకోసం వచ్చాడు," అంది.

డ్రైవరు చేతిలో పెట్టె ఉంది. అంకెలు మారుతున్నాయి. ఒడ్డు మునిగిపోయి, లైట్‌హౌసు సన్నగీతలా మిగిలి, అదీ పోయింది. అప్పుడు నాకు ఒక విషయం ఒంటికి తెలిసింది. భూమి నిజంగానే గుండ్రంగా ఉంది. అన్నేళ్లు కాగితం మీద చదివినదాన్ని కళ్లతో చూశాను.

"వచ్చేశాం," అన్నాడు డ్రైవరు. ఇంజను ఆపాడు. నేను రాసిచ్చిన అంకెలే పెట్టెలో కనిపించాయి.

ఆమె తమ్ముడు సీసపు గుండు కట్టిన తాడు నీళ్లలోకి దింపాడు. గుండు నేలకు తగిలాక, చేతులు చాచి కొలుస్తూ పైకి లాగాడు.

"పంతొమ్మిది," అన్నాడు.

"మీరు ఇరవై ఒకటి అన్నారుగా."

"అదే చెప్తన్నా. ఇంకాస్త తూరుపుకి పోదాం. ఇరవై ఒకటి తగిలేదాకా."

నేను రాసిచ్చిన కాగితం ఆమె చేతిలో ఉంది. అందరూ నన్నే చూస్తున్నారు. "అడుగున మట్టి మారుతుంది బాబాయి," అన్నాను. "కృష్ణ, గోదావరి ఏటా ఎంత మట్టి తెచ్చి పోస్తున్నాయి."

"మూడేళ్లలో రెండు బారల మట్టా? అట్టా పడితే ఈపాటికి మా ఊరు ఈడిదాకా వచ్చేసేది."

డ్రైవరు నవ్వాడు. ఆ నవ్వే నన్ను పట్టి లాగిందనుకుంటాను. "మీ తాడు నీటి ఈడ్పుకు వంకరగా దిగుతుంది. పెట్టె వంకర పోదు," అన్నాను.

ఇప్పుడు ఆ మాట విప్పి చూసుకుంటే సిగ్గు వేస్తుంది. తాడు వంకరగా దిగితే లోతు ఎక్కువ చూపించాలి, తక్కువ కాదు. ఆయనకు అది తెలుసు. నాకూ తెలుసు. పెట్టె తప్పు చెప్పలేదన్న మాట నిజమే. అది నా అంకెల దగ్గరికే తెచ్చింది. ఆ అంకెలు ఎవరివన్నదే నేను దాటేశాను.

ఆమె తమ్ముడి వైపు తిరిగింది. "ఆయన కాగితం మీద రాసిచ్చాడు. నువ్వేం రాసిచ్చావ్?"

ఆయన తాడు చుట్టచుట్టి పక్కన పెట్టాడు.

ఆమె మూట విప్పింది. కొడుకు పెళ్లికని ముందే కొని పెట్టిన మంగళగిరి పంచెల చాపు. చింతకాయ వేసి వండిన మెత్తళ్ల కూర, చిన్న గిన్నెలో. పంచెలు నీళ్ల మీద పరిచింది. అవి విచ్చుకుని, కాసేపు తేలి, ఒక మూల నుంచి మునగడం మొదలుపెట్టాయి. ఆమె బోటు అంచు మీద గడ్డం ఆనించి నీళ్లలోకి చూస్తూ, "ఈడున్నావంట నాయనా," అంది.

నేను చెప్పాను కాబట్టి అన్న మాట అది. తనకు తెలిసి అన్నది కాదు.

ఆ తర్వాత ఆమె మారింది. మళ్లీ నవ్వేది, బేరాలాడేది. "నా కొడుకు ఏడున్నాడో నాకు తెలుసు, కాగితం ఉంది," అని పటమటలో కొనేవాళ్లకు కూడా చెప్పేది. ఏడాదిన్నర తర్వాత మోకాళ్లు పట్టేసి రావడం మానేసింది. పండగలకు ఎవరో ఒకరి చేత ఎండురొయ్యలు పంపేది.

మూడో ఏడు ఒక పెద్దాయన మా ఆఫీసుకు వచ్చాడు. సరుకు ఓడల్లో ఆఫీసరుగా చేసి రిటైరై, బెజవాడలో ఇల్లు కట్టుకుంటున్నాడు. ప్లాను సంగతి మాట్లాడుతూ గోడ మీది పటం చూసి లేచి దగ్గరికి వెళ్లాడు.

"ఇది మీకెక్కడ దొరికిందండీ? ఇలాంటివాటి మీదే మా బతుకంతా గడిచింది."

నేను ఉత్సాహంగా డివైడరు తీసుకుని, బందరు నుంచి దూరం ఎలా కొలుస్తానో చూపించబోయాను. కింది అంచు మీద ముళ్లు పెట్టాను. ఆయన నా మణికట్టు మీద చెయ్యి వేశాడు.

"అక్కడ కాదండీ. పక్క అంచు మీద తీసుకోవాలి. మీరున్న అక్షాంశం ఎదురుగా."

"రెండూ నిమిషాలేగా?"

"మీరేమన్నా భూమధ్యరేఖ మీద కాపురం ఉంటున్నారా? పక్కది ఎప్పుడూ మైలే. కిందిది పైకి పోయేకొద్దీ చిక్కిపోతుంది కదా." ఆయన నవ్వాడు. "శిక్షణలో మొదటి నెల అందరం చేసే తప్పేలెండి. మా మాస్టరు నెత్తిన ఒక మొట్టికాయ వేసేవాడు. జన్మలో మళ్లీ చెయ్యలేదు."

ఆయన వెళ్లాక లాగరిథం పుస్తకం తీశాను. పదహారు డిగ్రీల దగ్గర అంకె: సున్నా పాయింటు తొంభై ఆరు. కింది అంచులోని నిమిషం మైలులో నూటికి తొంభై ఆరు వంతులే. ఇరవై ఆరు మైళ్లకు ఇరవై ఏడు నిమిషాలు కలపాలి. నేను ఇరవై ఆరు కలిపాను. నా చుక్క లైట్‌హౌసుకు ఇరవై అయిదు మైళ్ల దగ్గర ఉంది. ఎడమ అంచు మీద డివైడరు తెరిచి మళ్లీ కొలిచాను. ఆ ఒక జత చిల్లులు అప్పటివే. కొత్త చుక్క పాత చుక్కకు తూర్పున పడింది. దాని పక్కనే పటంలో లోతు అంకె ఉంది, పటం లోతులన్నీ బారల్లోనే. ఇరవై ఒకటి. ఆ అంకె అచ్చయి అక్కడే ఉంది, నేను పటం కొన్న రోజు నుంచి.

వెంటనే వెళ్లి చెప్పవలసింది. వెళ్లలేదు. సరంగు వాచీ మాత్రం అంత కచ్చితమా, నీటి ఈడ్పు మాటేమిటి, అంత సముద్రంలో ఒక మైలు ఒక లెక్కా అని నాకు నేను చెప్పుకున్నాను. ఆయన తప్పు ఎంతో ఎవరికీ తెలియదు. నా తప్పు ఎంతో నాకు తెలుసు. ఈ రెండింటినీ కలిపి నా తప్పును ఆయన తప్పులో దాచుకోవడం నాకు నచ్చలేదు, అయినా దాచుకున్నాను. ఆమె మనసు కుదుటపడింది కదా, ఎందుకు కెలకడం అన్నది పైకి చెప్పుకున్న కారణం. లోపల ఉన్నది వేరు. ఆ పల్లెలో నేను లెక్క తప్పని మనిషిని. నన్ను అలా అనుకునే చోటు ప్రపంచంలో అదొక్కటే.

ఎనిమిది నెలలు గడిచాయి. ఒక ఆదివారం లేచి, ఇంక ఆలోచించకుండా బస్సెక్కాను. పామర్రు దాటాక వరి కోసిన పొలాలు రెండు వైపులా కనుచూపు మేర చదునుగా ఉన్నాయి. మా ప్రాంతంలో పుట్టినవాడికి భూమి బల్లపరుపని నమ్మడం ఎంత సులువో అనిపించింది. మాట ఎలా మొదలుపెట్టాలో వల్లెవేసుకుంటూ వెళ్లాను. "అమ్మా, నా లెక్కలో ఒక పొరపాటు" అని మొదలుపెట్టాలనుకున్నాను.

ఆమె తమ్ముడు అదే తాటాకు నీడలో ఉన్నాడు. ఈసారి వల పక్కన పెట్టాడు.

"నీకెట్టా తెలిసింది?" అన్నాడు.

"ఏం తెలియడం?"

ఆయన నన్ను చూసి అర్థం చేసుకున్నాడు. "అక్క పోయి రెండు నెలలయింది. నీకు కబురు చెయ్యాలనుకున్నాం, ఆఫీసు అడ్రసు ఎవరికీ తెలవదు. నీకు రొయ్యలు తెచ్చే మనిషికి మెట్లు తెలుసు, ఆడు ఇప్పుడు బెజవాడ రావట్లేదు."

కూర్చున్నాను. ఆయన లోపలికి వెళ్లి చిన్న రేకు పెట్టె తెచ్చాడు. అందులో నేను రాసిన కాగితం ఉంది. మడతల దగ్గర చిరిగితే వెనక గుడ్డ అంటించారు.

"పోయేముందు ఇది నా చేతిలో పెట్టింది. అస్థికలు సంగమంలో వద్దంది. ఈ అంకెల కాడ కలపమంది, కొడుకు పక్కన. అప్పుడు మనం పోయిన బోటులోనే ఎల్లాం."

నా నోట్లోంచి మొదట వచ్చిన ప్రశ్న ఇది: "తాడు వేశారా?"

"ఏశా."

"ఎంత?"

"పంతొమ్మిది."

"మరి ఇంకా తూర్పుకు ఎందుకు వెళ్లలేదు బాబాయి?"

"అక్క మాట అది. నీ కాగితం కాడే కలపమంది. నా తాడు కాడ కాదు."

అప్పుడు చెప్పాను. వల్లెవేసుకున్న మాటలేవీ రాలేదు. కింది అంచు, పక్క అంచు, ఇరవై ఆరు కాదు ఇరవై ఏడు. మీ వల మాటే నిజం, కన్నులు తగ్గించని చోట సాగింది, మన దగ్గర కూడా సాగింది, నేను చూడలేదు. ఆయన మధ్యలో ఆపకుండా విన్నాడు.

"ఎంత దూరం?"

"ఒక మైలు."

"తూరుపుకేనా?"

"తూర్పుకే."

ఆయన తల ఊపాడు. కోప్పడితే బాగుండుననిపించింది. కోప్పడలేదు. కాగితాన్ని సరిచేస్తూ అడిగాడు. "ఇది నీకు ఎప్పుడు తెలిసింది?"

ఆ ప్రశ్న వస్తుందని నేను ఆలోచించలేదు. అన్నిటికీ లెక్క వేసుకుని వెళ్లాను, దీనికి వేసుకోలేదు.

"ఎనిమిది నెలలయింది," అన్నాను.

ఆయన వేళ్లు మడిచాడు. ఎనిమిదిలోంచి రెండు తీసేశాడు. ఆరో వేలు దగ్గర ఆగడం చూశాను. ఆరు నెలలు ఆమె బతికి ఉంది. ఆ ఆరు నెలల్లో ఏ ఆదివారం నేను బస్సెక్కినా, ఆ కాగితం మీద ఒక్క అంకె మారేది. తల్లి కొడుకు పక్కకు చేరేది. మైలు పొరపాటు నా చెయ్యి అలవాటు వల్ల జరిగింది. ఈ ఆరు నెలలు అలా కాదు.

"పెన్ను ఉందా?" అన్నాడు.

ఇచ్చాను. తీసుకోలేదు. కాగితం నా ముందుకు జరిపాడు. "సరైన అంకె కూడా రాయి. నేను ఉన్నన్నాళ్లు ఏటా పోతా."

కాగితాన్ని మోకాలి మీద పెట్టుకున్నాను. పాత అంకె తప్పు కాబట్టి, ట్రేసరు అలవాటు కొద్దీ ముందు దాని మీద అడ్డగీత గీయబోయాను. ఆయన నా చెయ్యి పట్టుకున్నాడు.

"దాన్ని కొట్టెయ్యమాక," అన్నాడు. "అక్క ఉంది అక్కడే."

కింద రెండో అంకె రాశాను. నా చేతిరాత ఎప్పుడూ అచ్చు అక్షరంలా ఉంటుంది. ఆ రోజు కూడా అలాగే వచ్చింది.